అప్పీలు కొట్టేశారంటే ఓడిపోయినట్టేనా?

ప్రశ్న: లాయరు గారికి నమస్కారం. మాది ప్రకాశం జిల్లాలో ఒక పల్లె. మా ఇంటి పడమటి వైపు ఉన్న ఆరు సెంట్ల జాగా తనదేనని మా నాన్న పెదనాన్న కొడుకు దావా వేశారు. 2019లో జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఆయనకే డిక్రీ అయింది. అదే ఏడాది నాన్న జిల్లా కోర్టులో అప్పీలు వేసి స్టే తెచ్చుకున్నారు. తర్వాత అన్నీ వాయిదాలే. 2025 జూన్‌లో మాకు ఈపీ (డిక్రీ అమలు చేయమని వేసే పిటిషన్) నోటీసు వచ్చింది. కనుక్కుంటే అప్పీలును 2024 సెప్టెంబర్ 5న కొట్టేశారని తెలిసింది. మా వాదన ఒక్క ముక్క వినకుండా ఎలా కొట్టేస్తారు? హైకోర్టుకు పోదామని లాయరు గారు అంటున్నారు. మీరే కొత్తగా దావా వేసుకోవచ్చు కదా అని ఊళ్లో ఒక పెద్దాయన అంటున్నారు. టెన్షన్‌తో అమ్మకు నిద్ర లేదు. ఏం చేయాలో చెప్పగలరు. నాన్న 2024 జనవరి 18న పోయారు. ఇంట్లో అమ్మ, తమ్ముడు, నేను ఉన్నాం. (పేరు వేయవద్దని కోరిన ఒక సోదరి)

జవాబు: అమ్మా, మీ ఉత్తరంలో అసలు విషయం చిట్టచివర, ఏదో ఇంటి సంగతి చెబుతున్నట్టుగా రాశారు. దాని దగ్గరకు వస్తాను. ముందు ‘కొట్టేశారు’ అన్న మాట సంగతి చూద్దాం.

మనవాళ్లకు కోర్టులో జరిగే ప్రతిదానికీ ఇదొక్కటే మాట. జడ్జి గారు రెండు పక్షాల వాదనా విని, కింది కోర్టు తీర్పు సరైనదేనని ఇరవై పేజీలు రాసినా కొట్టేశారనే అంటాం. గడువు దాటిందని లోపలికి రానివ్వకపోయినా, కోర్టు ఫీజు తక్కువైందని తిరగ్గొట్టినా, పిలిచినప్పుడు పలికేవాళ్లు లేక తీసేసినా అదే మాట. చట్టం దృష్టిలో ఇవన్నీ వేరువేరు. ఒక్కోదానికి మందు ఒక్కోటి, దాని గడువూ వేరే. ఏ రకంగా కొట్టేశారో తెలియకుండా హైకోర్టుకు పరుగెత్తడం, ఏ జ్వరమో చూడకుండా సూది వేయించుకోవడం లాంటిది.

కాబట్టి ముందు ఆ ఆర్డర్ నకలు తీయించండి. అప్పీలు నంబరు (ఏఎస్ నంబరు) తెలిస్తే ఈకోర్ట్స్ యాప్‌లో కేసు చరిత్ర మొత్తం కనిపిస్తుంది. దాని సీఎన్‌ఆర్ నంబరు, 16 అక్షరాలూ అంకెలూ కలిసినది, రాసిపెట్టుకోండి. మీరు చెప్పినదాన్ని బట్టి డాకెట్‌లో, అంటే ఏ రోజు ఏం జరిగిందో కోర్టు రాసుకునే కాగితంలో, మూడు నాలుగు వరుసలకు మించి ఉండవు. ‘పొద్దున పిలిచాం, అప్పెలెంటు (అప్పీలు వేసిన మనిషి) రాలేదు, తరఫున ఎవరూ లేరు. మధ్యాహ్నం మూడింటికి మళ్లీ పిలిచాం, ఎవరూ రాలేదు. అప్పీలు డిఫాల్టు కింద డిస్మిస్’ అన్న ధోరణిలో ఉంటుంది. లాయర్లు దీన్నే డీఎఫ్‌డీ అంటారు.

ఇలా కొట్టేసే అధికారం కోర్టుకు ఉంది. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 41వ ఆర్డర్ (ఇక్కడ ఆర్డర్ అంటే అధ్యాయం లాంటిది), 17వ రూల్ అది. విచారణకు పిలిచిన రోజు అప్పీలు వేసినవాళ్లు రాకపోతే డిస్మిస్ చేయవచ్చు. అయితే 1976లో ఆ రూల్‌కు ఒక వివరణ చేర్చారు. మనిషి రాని రోజున కేసు మంచిచెడ్డల్లోకి వెళ్లి, నీ వాదనలో పస లేదని తీర్పు చెప్పకూడదు. చేయగలిగిందల్లా గైర్హాజరు కింద తీసేయడమే. 1996లో సుప్రీంకోర్టు కూడా ఒక కేసులో హైకోర్టు ఇలా మంచిచెడ్డల్లోకి దిగడాన్ని తప్పుపట్టింది. మీ వాదన వినలేదని మీరు బాధపడుతున్నారు గానీ, ఈ దశలో అదే మీకు మేలు. విని కొట్టేసి ఉంటే మీ దారి చాలా ఇరుకయ్యేది. అప్పుడు హైకోర్టులో వేసే సెకండ్ అపీలుకు గట్టి న్యాయ ప్రశ్న ఉండాలి, అది అందరి కేసుల్లోనూ దొరకదు.

గైర్హాజరుకు మందు హైకోర్టులో లేదు. డిఫాల్టు కింద కొట్టేసిన ఆర్డర్‌ను చట్టం డిక్రీగా లెక్కించదు. డిక్రీ కానిదాని మీద సెకండ్ అపీలు నడవదు. వెళ్లాల్సింది కొట్టేసిన ఆ కోర్టుకే. 41వ ఆర్డర్‌లోని 19వ రూల్ కింద, రాలేకపోవడానికి ఫలానా కారణం ఉంది, అప్పీలును మళ్లీ ఫైల్ మీదకు తీసుకోండి అని పిటిషన్ వేయాలి. దీనికి గడువు కొట్టేసిన రోజు నుంచి 30 రోజులు. ఆ 30 ఎప్పుడో దాటాయి కాబట్టి ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఇంకో పిటిషన్ జత చేయాలి. ఇవి నిరాకరిస్తే అప్పుడు పై కోర్టు. ఆ అప్పీలు 43వ ఆర్డర్ కింద నడుస్తుంది, దాన్ని సీఎంఏ అంటారు. మీ లాయరు గారు ‘హైకోర్టు’ అన్నది ఈ ఆఖరి మెట్టును మనసులో పెట్టుకునేమో అడగండి. కాదంటే ఆయన మొదటి మెట్టు వదిలేసి ఎక్కమంటున్నట్టే.

ఇక మీ ఆఖరి వాక్యం. నాన్నగారు జనవరి 18న పోయారు. అప్పీలును గైర్హాజరు కింద సెప్టెంబర్ 5న తీసేశారు. అంటే ఏడున్నర నెలల కిందట పోయిన మనిషి పిలిచినా పలకలేదని అప్పీలు కొట్టేశారు. కోర్టును తప్పుపట్టలేం, ఆయన లేరని వాళ్లకు ఎవరూ చెప్పలేదు. కానీ చట్టం లెక్క వేరే. అప్పీలు వేసిన ఒకే ఒక్క మనిషి చనిపోతే 90 రోజుల్లో వారసులు రికార్డు మీదకు రావాలి. రాకపోతే అప్పీలు దానంతటదే అబేట్ అవుతుంది, అంటే ఎవరూ ఆర్డర్ వేయకుండానే ఆరిపోతుంది. మీ విషయంలో ఆ 90 రోజులు 2024 ఏప్రిల్ 17తో అయిపోయాయి. అక్కడి నుంచి అబేట్‌మెంట్‌ను రద్దు చేయమని అడగడానికి ఇంకో 60 రోజులుంటాయి, అవి జూన్ మధ్యలో ముగిశాయి. అంటే సెప్టెంబర్‌లో కోర్టు కొట్టేసింది అప్పటికే ప్రాణం పోయిన అప్పీలును.

ఇది తెలియక చాలామంది 19వ రూల్ పిటిషన్ ఒక్కటే వేస్తారు. అప్పుడు అవతలి లాయరు లేచి, ‘అయ్యా, అప్పీలు ఏప్రిల్‌లోనే అబేట్ అయింది, సెప్టెంబర్ ఆర్డర్ తీసేసినా మిగిలేదేమీ లేదు’ అంటారు. ఆయన మాట నిజమే. కాబట్టి వారసులైన మిమ్మల్ని రికార్డు మీదకు తీసుకోమని ఒకటి, అబేట్‌మెంట్ రద్దు చేయమని ఒకటి, ఆ ఆలస్యం మన్నించమని ఒకటి, సెప్టెంబర్ ఆర్డర్ తీసేసి అప్పీలును పునరుద్ధరించమని ఒకటి, దాని ఆలస్యానికి మరొకటి కలిపి వేయించండి. ఇన్ని ఐఏలా (కేసులో భాగంగా వేసే పిటిషన్లను అలా అంటారు) అని భయపడకండి. కారణం ఒకటే, అఫిడవిట్‌లో కథ ఒకటే, పైన అడిగే కోరికలే వేరు. అబేట్‌మెంట్ వైపు ఆలస్యం 2025 జూలై మధ్య నాటికి సుమారు 400 రోజులు, డిఫాల్టు వైపు 280 రోజుల పైచిలుకు. రెండూ వేరువేరుగా లెక్కవేసి రాయాలి. మొత్తంగా ఒక అంకె వేసేస్తే కోర్టు ఆఫీసు అబ్జెక్షన్ పెట్టి కాగితాలు వెనక్కి ఇస్తారు. మీకు అదనంగా ఒక నెల పోతుంది.

ఇంత ఆలస్యం మన్నిస్తారా అని మీ అమ్మగారు అడుగుతారు. మన్నించవచ్చు, మన్నించకపోవచ్చు. రెండు రకాల తీర్పులూ ఉన్నాయి. 1987లో కశ్మీర్‌లోని అనంతనాగ్ భూసేకరణ కేసులో ఆలస్యం నాలుగంటే నాలుగు రోజులు. దాన్ని కింద ఒప్పుకోకపోతే సుప్రీంకోర్టు తప్పుపట్టింది. ప్రతి రోజుకూ సంజాయిషీ చెప్పాలంటే ప్రతి గంటకూ, ప్రతి సెకనుకూ అడగాల్సి వస్తుందని, సాంకేతికత కన్నా న్యాయానికి బరువు ఎక్కువని చెప్పింది. 1998లో ఇంకో కేసులో 883 రోజుల ఆలస్యాన్ని మన్నిస్తూ, ఎన్ని రోజులన్నది కాదు, చెప్పిన కారణం నమ్మేలా ఉందా అన్నదే చూడాలంది. మీకు దగ్గరగా వచ్చేది 2008 నాటి పెరుమాన్ భగవతి దేవస్వం కేసు. అబేట్‌మెంట్ విషయంలో కోర్టులు కాస్త ఉదారంగా ఉండాలనీ, ఏళ్ల తరబడి విచారణకు రాని అప్పీలులో ఎవరు బతికున్నారో ఎవరు పోయారో కక్షిదారు రోజూ కనిపెట్టుకుని ఉండాలని ఆశించలేమనీ అందులో చెప్పారు.

రెండో వైపు కూడా వినండి. 2024 ఏప్రిల్‌లో తీర్పు వచ్చిన మన ఆంధ్రప్రదేశ్ భూసేకరణ కేసులోనే వారసులు 5659 రోజుల ఆలస్యంతో వచ్చారు, అంటే పదిహేనేళ్ల పైమాట. వాళ్లలో ఒకావిడ అత్తవారింట్లో ఉండటం వల్ల కేసు సంగతి తెలియలేదన్నది వాళ్లు చెప్పిన కారణం. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. దయ వేరు, చట్టం వేరు అన్నట్టుగా ఆ తీర్పు నడుస్తుంది. అదే ఏడాది నవంబర్‌లో ఇంకో కేసులో, తప్పంతా లాయరు మీదకు నెట్టేసి కక్షిదారు చేతులు దులుపుకోవడానికి లేదని కూడా చెప్పింది. 1981లో రఫీక్ కేసులో లాయరు రాకపోతే అమాయకుడైన కక్షిదారు ఎందుకు నష్టపోవాలని అడిగిన కోర్టూ ఇదే. గాలి మారిందని తెలుసుకుని అఫిడవిట్ రాయించుకోవాలి.

అఫిడవిట్ దగ్గరే చాలా కేసులు పోతాయి. నా ప్రాక్టీసులో ఆలస్యం పిటిషన్లు ఎన్ని చూశానో లెక్క లేదు గానీ, వాటిలో సగానికి సగం పిటిషనర్లకు కామెర్లు వచ్చాయి. కామెర్లు రావడం, పల్లెలో నాటు మందు తినడం, సరిగ్గా గడువు దాటినన్ని రోజులకే తగ్గడం. గుమాస్తా దగ్గర కంప్యూటర్‌లో ఒక నమూనా ఉంటుంది, పేరూ తేదీలూ మార్చి ప్రింటు తీస్తారు. జడ్జీలకు ఈ కామెర్ల కథ కంఠతా వచ్చు. మీకు నిజమైన కారణం చేతిలో ఉండగా ఆ అబద్ధం జోలికి పోకండి.

మీ అఫిడవిట్‌లో ఉండాల్సింది తేదీలు. నాన్నగారు ఏ రోజున, ఎక్కడ పోయారు. కేసు వ్యవహారం ఇంట్లో ఆయన ఒక్కరే చూసేవారా. ఆయన పోయాక లాయరు ఆఫీసుకు కబురు పెట్టారా. ఎవరు, ఎప్పుడు, ఎవరితో మాట్లాడారు. ‘ఫలానా తేదీన మా తమ్ముడు ఆఫీసుకు ఫోన్ చేసి నాన్న పోయిన సంగతి చెబితే, వాయిదా పడినప్పుడు కబురు చేస్తామన్నారు’ అని నిజంగా జరిగితే అదే రాయండి. ఆ ఫోన్ కాల్ వివరమో, వాట్సాప్ మెసేజో ఉంటే జత చేయండి. చనిపోయిన సంగతి కోర్టుకు చెప్పాల్సిన బాధ్యత ఆ లాయరు మీద ఉంది, 22వ ఆర్డర్ 10ఏ రూల్ ఆ మాటే చెబుతుంది. కబురే పెట్టకపోతే పెట్టలేదనే రాయండి. అప్పీలు ఉందని తెలుసు గానీ వారసులం 90 రోజుల్లో చేరాలన్న సంగతి తెలియదని నిజాయితీగా చెప్పినా తప్పులేదు. తర్వాత ఈపీ నోటీసు ఏ తేదీన అందింది, ఆ తర్వాత ఏ రోజు ఏం చేశారు. నోటీసు అందాక జరిగిన ప్రతి వారానికీ లెక్క చెప్పగలగాలి, కోర్టులు ఎక్కువగా పట్టుకునేది అక్కడే. అప్పటిదాకా తెలియదంటే నమ్మవచ్చు, తెలిశాక నెలన్నర ఊరుకున్నారంటే నమ్మడం కష్టం. అందుకే ఈ జవాబు చదివిన రోజునే కదలండి.

ఈపీ నోటీసును ఒకసారి తీసి చూడండి. అది నాన్నగారి పేరు మీద వచ్చిందా, వారసులమని మీ ముగ్గురి పేర్లతో వచ్చిందా? మీ పేర్లతో వస్తే, మీ నాన్న పోయిన సంగతి అవతలివాళ్లకు తెలుసునన్న మాట. దాయాదులు, ఒకే ఊరు. పెద్దకర్మకు వచ్చి భోంచేసి వెళ్లినవాళ్లు అయ్యుంటారు. వాళ్లు కోర్టుకు చెప్పి తీరాలన్న నిబంధన ఏమీ లేదు, అయినా తెలిసి మౌనంగా ఉండి డిఫాల్టు ఆర్డర్ చేతికొచ్చాక ఈపీ వేశారన్నది జడ్జి గారి దృష్టికి రావడం మంచిది. ఆ ఈపీ కాపీ, దాని మీది తేదీ మీ అఫిడవిట్‌కు జత చేయదగ్గ కాగితం.

ఇంకో సంగతి. ఈపీ కోర్టులో వాయిదాకు వెళ్లకుండా ఉండకండి. అప్పీలు పోయిందంటే దానితోపాటు స్టే కూడా పోయింది. ఐఏలు వేసినంత మాత్రాన ఈపీ ఆగదు, వాటితో స్టే కూడా అడిగి ఆర్డర్ తెచ్చుకోవాలి. అది వచ్చేదాకా ఈపీలో వకాలత్ వేసి, కౌంటర్‌కు (జవాబుకు) టైమ్ తీసుకుని, జిల్లా కోర్టులో పిటిషన్లు వేశామని చెప్పి ఆ నంబర్లు ఇవ్వాలి. మీరు వెళ్లక అక్కడ ఎక్స్‌పార్టీ అయితే కోర్టు అమీనా వచ్చి స్వాధీనం ఇప్పించి వెళ్లాక అప్పీలు బతికినా మళ్లీ స్వాధీనం కోసం ఇంకో పోరాటం.

కొత్త దావా సంగతి చెప్పిన పెద్దాయనకు దండం పెట్టి ఊరుకోండి. అప్పీలు గడువు వల్ల పోయినా, డిఫాల్టు వల్ల పోయినా కింది కోర్టు డిక్రీ నిలబడుతుంది, అదే వివాదాన్ని మళ్లీ తేవడానికి రెస్ జ్యుడికేటా, అంటే ఒకసారి తేలిన వివాదాన్ని తిరగదోడకూడదన్న సూత్రం, అడ్డొస్తుంది. 1966లోనే సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది.

మీలాంటి ఉత్తరాలే ఇంకో రెండు వచ్చాయి. వాళ్ల అప్పీళ్లను గడువు దాటిందని తీసుకోలేదట. వాళ్లకు ఒక్క మాట. జిల్లా కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. తీర్పు నకలు కోసం పట్టిన కాలం ఇందులోంచి మినహాయిస్తారు. మీ నకలు చివరి పేజీ వెనక్కి తిప్పితే ఒక రబ్బరు స్టాంపు ఉంటుంది. దరఖాస్తు పెట్టిన తేదీ, స్టాంపులు పిలిచిన తేదీ, స్టాంపులు కట్టిన తేదీ, నకలు తయారైన తేదీ, ఇచ్చిన తేదీ వరుసగా రాసి ఉంటాయి. చాలామంది ఆఖరి తేదీ దాకా మినహాయింపు అనుకుంటారు. కాదు, నకలు తయారైన రోజు దాకానే. తయారై పదిహేను రోజులు నకళ్ల సెక్షన్‌లో పడి ఉంటే ఆ పదిహేనూ మీ ఖాతాలోవే. స్టాంపులు పిలిచాక కట్టకుండా జాగు చేసిన రోజులూ అంతే. ఒకసారి లెక్క సరిగ్గా వేసి చూడండి, గడువు నిజంగానే దాటిందో లేదో. దాటి ఉండి, ఆలస్యం మన్నించనన్నందున అప్పీలు పోతే, అది అప్పీలులో ఇచ్చిన నిర్ణయమేనని 2004లో సుప్రీంకోర్టు చెప్పింది కాబట్టి వాళ్లకు దారి పై కోర్టుకు ఉంటుంది. మీ దారి అది కాదు, కలిపేసుకోకండి.

మళ్లీ మీ దగ్గరకు. పాత లాయరు గారి దగ్గర నుంచి కేసు కట్ట తెచ్చుకోండి. ఫీజు బాకీ ఉందని కట్ట ఆపుకోవడానికి వీల్లేదని సుప్రీంకోర్టు 2000లోనే చెప్పింది, అయినా గొడవ పడకుండా తెచ్చుకోగలిగితే మేలు. మీ పిటిషన్ ఆయన చేత రాయించుకోవడం మటుకు కుదరదు, తన తప్పు లేదని ఆయన రాస్తే మీ కారణమే పోతుంది. కాబట్టి కొత్త లాయరు. ఫీజు కష్టమైతే మీరూ మీ అమ్మగారూ ఆడవాళ్లు కాబట్టి ఆదాయం ఎంతన్నది చూడకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది, 15100కు ఫోన్ చేసినా దారి చెబుతారు.

పిటిషన్ గెలిచినా ఒక గండం ఉంది. ‘ఫలానా తేదీలోగా అవతలివాళ్లకు ఖర్చుల కింద ఇంత కట్టాలి, లేకపోతే ఈ పిటిషన్ డిస్మిస్ అయినట్టే’ అన్న షరతుతో ఆర్డర్ రావచ్చు. నా దగ్గర ఒక కక్షిదారు మూడేళ్ల ఆలస్యం మన్నింపు తెచ్చుకుని, ఆ సంతోషంలో ఖర్చుల సొమ్ము తర్వాత చూద్దాంలే అనుకుని గడువు మర్నాడు పట్టుకొచ్చాడు. అవతలి లాయరు పుచ్చుకోనన్నారు. మళ్లీ టైమ్ పొడిగించమని ఇంకో పిటిషన్, ఇంకో ఆరు నెలలు. కాబట్టి ఆర్డర్ వచ్చిన రోజునే తేదీ కేలండర్ మీద గీసుకోండి.

చివరిగా ఒకటి అడగాలి. మీ ఉత్తరంలో అమ్మ, తమ్ముడు, నేను అని రాశారు. నాన్నగారి తల్లి, మీ నాయనమ్మ, ఉన్నారా? హిందూ వారసత్వ చట్టంలో చనిపోయిన కొడుకుకు తల్లి కూడా మొదటి తరగతి వారసురాలే, భార్యాబిడ్డలతో సమానంగా. పెళ్లయినా కాకపోయినా మీరూ లెక్కలోకి వస్తారు. నాయనమ్మను వదిలేసి ముగ్గురే చేరితే అవతలివాళ్లు ఇంకో అభ్యంతరం పట్టుకుంటారు. ఉంటే ఆవిడ పేరూ చేర్చండి. సంతకం రాకపోతే అఫిడవిట్ చదివి వినిపించి వేలిముద్ర వేయిస్తారు, ఈ వారంలోనే వేయించండి.